ఔటర్ సిగ్నల్ కాడ కనకం

మొగుడి ప్రాణం పోయేటప్పటికి కనకం మజ్జిగ ముంత పట్టుకుని ఔటర్ సిగ్నల్ అవతల నిలబడి ఉంది. ఇంటికీ ఆమెకీ మధ్య ఉన్నదల్లా వేపాకు గుచ్చిన తాడు ఒకటి. గట్టిగా లాగితే తెగేది. లాగడానికి ఆమెకు ధైర్యం చాలలేదు. విప్పడానికి అటువైపు వాళ్లకు మనసు రాలేదు. అటువైపు ఉన్నవాళ్లంతా ఆమె సొంతవాళ్లే.

బిలాస్‌పూర్ రైల్వే లైన్లలో, అంటే క్వార్టర్ల వరసల్లో, తెలుగువాళ్లు కాపురాలు పెట్టి అప్పటికి ఒక తరం గడిచింది. పార్వతీపురం వైపు నుంచి, టెక్కలి వైపు నుంచి వానల్లేక కొందరు, అన్నదమ్ములతో పడక కొందరు వచ్చి ఇంజన్ షెడ్డులోనూ పట్టాలు సవరించే గ్యాంగులోనూ పనికి కుదిరారు. వచ్చేటప్పుడు మూటల్లో ఏం తెచ్చుకున్నారో గానీ అమ్మవారిని మాత్రం మరిచిపోకుండా తెచ్చుకున్నారు. అమ్మవారితో పాటు ఆవిడ కట్టుబాట్లు కూడా వచ్చాయి. ఊరు కట్టడం వాటిలో ఒకటి. కలరా తగిలితే పొలిమేరలో వేపాకు తాడు కడతారు. కట్టాక లోపలివాళ్లు బయటికి పోకూడదు, బయటివాళ్లు లోపలికి రాకూడదు. తర్వాత చిన్న చెక్కబండి చేసి, దాని మీద అమ్మవారి ఘటం నిలిపి, పసుపన్నం పోసి, డప్పులతో తీసుకెళ్లి పొలిమేర దాటించి వదిలేస్తారు. అమ్మవారు రోగాన్ని వెంటబెట్టుకుని అవతలికి పోతుంది. ఆ అవతల ఎవరున్నారని అడిగే అలవాటు ఎవరికీ లేదు.

సొంతూళ్లో పొలిమేర ఎక్కడో పుట్టిన ప్రతివాడికీ తెలుసు. ఇక్కడ ఎటు చూసినా పట్టాలే. ఊరు ఎక్కడ మొదలైందో ఎక్కడ ఆగిందో కట్టిన దొరలకే తెలియదు. అందుకని లైన్లో పెద్దలు కూర్చుని చకర్‌భాటా స్టేషను వైపు ఔటర్ సిగ్నల్‌నే పొలిమేర చేసుకున్నారు. సిగ్నల్‌కి ఇవతల మనం, అవతల లోకం.

మొదటి యుద్ధం ముగిసిన తర్వాత వచ్చిన ఒక ఎండాకాలం అది. కనకం మొగుడు సూర్యం షెడ్డులో ఇంజన్లు తుడిచేవాడు. పొద్దున్న డ్యూటీకి పోయి, వాంతులతో గోడలు పట్టుకుని తిరిగొచ్చాడు. పుల్ల మజ్జిగ పలచగా పోస్తే నిలదొక్కుకుంటాడని ఎవరో అన్నారు. క్వార్టర్లకు పెరుగు పోసే సుకవారో సిగ్నల్ అవతలి పారాలో ఉంటుంది. పారా అంటే అక్కడివాళ్ల చిన్న పల్లె. కనకం చెంగు బిగించి పరుగెత్తింది. ముంత నిండా మజ్జిగతో తిరిగొచ్చేసరికి దారికి అడ్డంగా తాడు, తాడు వెనక ఫిట్టర్ మేస్త్రీ త్రినాథరావు. సూర్యానికి స్వయానా పెదనాన్న కొడుకు.

"ఆగు కనకం, అక్కడే ఆగు. కట్టీసినాం."

"ఏటి కట్టీసినారు?"

"ఊరు. నువ్వు అవతలుండిపోనావు."

"నాను అవతలికి పోనేదు బావా, మజ్జిగకెల్లినాను. మీ తమ్ముడు ఇంటికాడ..."

"నాకు తెలీదేటి? కానీ నువ్విప్పుడు అడుగెట్టినావంటే కట్టు తెగిపోద్ది. పిల్లాజెల్లా ఉన్నోళ్లం. లైనంతా ఊడ్చుకుపోతే ఆ పాపం నువ్వు మోస్తావా, నాను మొయ్యాలా?"

"పోనీ, నన్ను రానీకు. ముంత అందుకో."

త్రినాథరావు చెయ్యి చాచబోయాడు. మళ్లీ ఏమనుకున్నాడో, ఆ చెయ్యి పంచెకు తుడుచుకున్నాడు. "బయటి వస్తువు" అన్నాడు.

అప్పుడే ప్యాసింజరు బండి వచ్చింది. తాడు కట్టింది కాలిదారికే గానీ పట్టాలకు కాదు. పట్టాలకు కడితే రైలు కంపెనీ ఊరుకోదు. ఏ ఊళ్లవాళ్లో, ఏ రోగాలవాళ్లో, బండెడు జనం కిటికీల్లోంచి తలలు పెట్టి చూస్తూ కట్టిన ఊళ్లోకి దర్జాగా దూసుకుపోయారు. డ్యూటీకి పోయే మగవాళ్లకీ అడ్డు లేదని పెద్దలు ముందే తేల్చుకున్నారు. అమ్మవారు రైలు జోలికి రాదు, డ్యూటీ జోలికి రాదు. మజ్జిగ ముంతతో వచ్చిన ఆడదాన్ని మాత్రం క్షమించదు. దేశాల పటాల మీద పెద్దవాళ్లు గీతలు గీస్తూ ఉంటారు. ఏ గీతనైనా దగ్గరికి పోయి చూస్తే, దాని పక్కన ఇలాంటి మనిషొకతె ముంత పట్టుకుని నిలబడే ఉంటుంది. ఆమె పేరు ఏ పటంలోనూ వెయ్యరు.

మర్నాడు మిట్టమధ్యాహ్నం క్వార్టర్ల వైపు నుంచి ఏడుపు వినిపించింది. ఎవరి గురించో ఆమెకు ఎవరూ చెప్పలేదు. తాడుకి కాపలా ఉన్నవాడు తల తిప్పేసుకోవడం చూసి తెలుసుకుంది. శవాన్ని అటునుంచి అటే అర్పా నది ఒడ్డుకు తీసుకుపోయారు. డప్పు చప్పుడు దూరమైపోయేదాకా విని, ఆమె ముంత కింద పెట్టింది. మజ్జిగ అప్పటికే పాడైపోయింది.

సుకవారో వెతుక్కుంటూ వచ్చింది. "ఆ బహినీ, భీతర్ ఆ" అంది. చెల్లీ, లోపలికి రా అని. ఆ రెండు రోజుల్లో లోపలికి రమ్మన్న మాట కనకం వినడం అదే మొదలు. ఆ మాట తెలుగు కాదన్న సంగతి ఆమెకు చాలా ఏళ్ల తర్వాత గానీ తట్టలేదు.

సుకవారో పశువులపాకలో గడ్డి పరిచి పడుకోబెట్టింది. రెండు పొద్దులు తిరక్కుండా లైన్లవాళ్ల చెక్కబండి డప్పులతో వచ్చి సిగ్నల్ అవతల, పారా మొదట్లో ఆగింది. వదిలేసి, వెనక్కి చూడకుండా పోయారు. ఆ తర్వాత పారాలో కలరా వచ్చింది. బండి తెచ్చిందో, మామూలుగానే వచ్చిందో చెప్పగలిగినవాళ్లు లేరు. బండి తెచ్చిందనే పారా అంతా నమ్మింది. సుకవారో పెద్దకొడుకు పోయాడు.

పారా మగవాళ్లు కర్రలతో వచ్చి గుమ్మంలో నిలబడ్డారు. ఆ తెలంగిదాన్ని వెళ్లగొట్టు, బండి పంపింది దాని జనమే అన్నారు. కనకం లేచి, ఎవరూ గెంటకముందే పోదామని చెంగు సవరించుకుంది. కొడుకు పోయిన సుకవారో గుమ్మానికి అడ్డంగా కూర్చుని, తల ఎత్తకుండా ఒక్క మాటంది. "గాడీ ఓ మన్ కే. బాయి మోర్." బండి వాళ్లది, మనిషి నాది. అంతే. కర్రలు కాసేపు అక్కడే ఉండి వెళ్లిపోయాయి.

ఆ మాటతో కనకానికి బతుకంతటికీ ఒక పని ఏర్పడింది. ఇంకోసారి ఆ బండి ఈ గుమ్మానికి రాకూడదు. బయటికి ఎవరితోనూ అనలేదు. అన్నా వినేవాళ్లు లేరు.

తాడు విప్పాక ఆమె లైన్లకు వెళ్లింది. క్వార్టర్‌లో ఎవరిదో కొత్త కాపురం. ఆమె సామాను ఒక గోనెసంచిలో అరుగు మీద ఉంది. అచ్చియమ్మ, అంటే త్రినాథరావు పెళ్లాం, కళ్లు తుడుచుకుంటూ "మా ఇంటికాడ ఉండిపోవే" అంది. కనకం గోనెసంచి నెత్తిన పెట్టుకుని తిరిగి సిగ్నల్ దాకా నడిచింది. తాడు కట్టిన చోటికి పక్కనే, లైన్లవీ కాని, పారావీ కాని కొన్ని గజాల నేల మీద పాక వేసుకుంది. అది కంపెనీ నేల. గ్యాంగు మేట్, అంటే వాళ్ల మేస్త్రీ, చూసీ చూడనట్టు ఊరుకున్నాడు. ఊరుకున్నందుకు అతనికి రోజూ కడుపు నిండేది, ఎందుకంటే ఆమె అక్కడ చద్దన్నం అమ్మడం మొదలుపెట్టింది.

ముందురోజు అన్నంలో నీళ్లు పోసి పులియబెడితే ఉత్తరాంధ్రవాళ్లు తరవాణి అంటారు. ఛత్తీస్‌గఢ్ వాళ్లు అదే అన్నాన్ని అదే నీళ్లలో పోసి బాసీ అంటారు. ఉల్లిపాయా పచ్చిమిరపకాయా ఇద్దరివీ ఒకటే. అయినా ఒకరి కుండ ఒకరికి కంపు. పట్టాల మీద ఒకే గడ్డపార రెండువైపులా పట్టుకుని ఎత్తే గ్యాంగు మనుషులు, తిండి దగ్గర మాత్రం రెండు వరసల్లో కూర్చునేవారు.

"ఆళ్ల బాసీలో ఏటేటి కలుపుతారో ఎవుడికి తెలుసు?" అనేవాడు గ్యాంగులో చిన్నారావు. "నోట్లో ఎట్టుకుంటే ఒకారం. ఒలే కనకం, మా కుండ ఏరే ఎట్టు."

"ఏరే ఎడతాను."

అవతలి వరస వాళ్లూ వాళ్ల మాటల్లో ఆ ముక్కే అన్నారు. కనకం రెండు కుండలు పెట్టింది. ఒకదానికి పసుపు పూసింది, ఒకదానికి సున్నం చుక్కలు పెట్టింది. పసుపు కుండ కనకం వండుతుందనీ, సున్నపు కుండ సుకవారో వండుతుందనీ అందరికీ తెలుసు. చిన్నారావు రోజూ పసుపు కుండలోది రెండు దొప్పలు తాగి, మీసం తుడుచుకుని, "అచ్ఛా! ఇదీ తరవాణంటే. మన దేశం గుర్తుకొస్తాది" అనేవాడు. ఆ మనిషి పుట్టింది బిలాస్‌పూర్ క్వార్టర్లలోనే. దేశం అని అతను దేన్ని అంటున్నాడో అతనే చూడలేదు. ఆ మాట అన్నప్పుడల్లా సుకవారో పాక వెనక్కి పోయి నోట్లో కొంగు కుక్కుకునేది. ఎందుకు నవ్వుతుందో కనకానికి తప్ప ఎవరికీ తెలియదు.

ఏళ్లు గడిచాయి. రాయపూర్ నుంచి విజయనగరానికి కొత్త లైను పడింది. దేశం పోవడం సులువైంది. కనకం పోలేదు. సుకవారో పెరుగు మోసే ఓపిక పోయి పాకలోనే కూర్చునేది. ఆమె కూతురు మంగలిన్‌కి పెళ్లయి పిల్లలు పుట్టారు. ఆ పిల్లలు కనకాన్ని అమ్మమ్మా అని తెలుగులో పిలిచి, తిట్టాల్సొస్తే వాళ్ల మాటలో తిట్టేవారు. రెండో యుద్ధం వచ్చింది. గోల్ బజార్‌లో స్వరాజ్యం గురించి మీటింగులు జరిగేవి. మనమంతా ఒక్కటే జాతి అని ఉపన్యాసాలు విని వచ్చిన గ్యాంగు మనుషులు ఆ మాటే చెప్పుకుంటూ, ఎవరి వరసలో వాళ్లు కూర్చుని, ఎవరి కుండలోది వాళ్లు తాగేవారు.

అప్పుడు మళ్లీ కలరా వచ్చింది. లైన్లలో ఒకేసారి రెండు ఇళ్లలో తగిలింది. పెద్దలు కూర్చుని, ఈసారి ముందు బండి పంపి ఆ తర్వాత తాడు కట్టాలని తేల్చారని తెలియగానే కనకం త్రినాథరావు ఇంటికి వెళ్లింది. ఆ గడప ఎక్కడం ఇన్నేళ్లలో అదే మొదటిసారి. ఆయన నెరిసిపోయాడు. పెరట్లో వడ్రంగి చెక్కబండి బిగిస్తున్నాడు.

"బావా, బండి ఆ యేపు తేకండి."

"మరే యేపు తేవాలి? అవతలంటే అదే కదే."

"అవతల సుకవారో ఉంది. మంగలిన్ గుంటలున్నారు."

త్రినాథరావు విసుక్కున్నాడు. "ఎటు తోసినా ఎవురో ఒకలుంటారు. అలాగని మనోల్లని సంపుకుంటామేటి?"

కోపంతో అన్నా ఆయన అబద్ధం చెప్పలేదు. ఎటు తోసినా ఎవరో ఒకరుంటారు. కనకం పెరట్లోంచి పోతూ బండి దగ్గర కాసేపు నిలబడి, చక్రాలు ఎలా బిగించారో చూసింది. ఇరుసు చివర కడసీల. అది ఊడితే చక్రం నిలవదు.

మర్నాడు సాయంత్రం, ఎండ తగ్గేవేళ, డప్పులు బయల్దేరాయి. ముందు త్రినాథరావు, వెనక లైన్లన్నీ. బండి మీద ఘటం, వేపాకు, పసుపన్నం. సిగ్నల్ దగ్గరికి వచ్చేసరికి అవతలి నుంచి కూడా చప్పుడు వినిపించింది. పారావాళ్లకు కూడా రోగాన్ని సాగనంపే పద్ధతి ఉంది. వాళ్ల బైగా, అంటే మంత్రం వేసే పెద్ద, తమ బండి తోలుకుని వస్తున్నాడు. అది కొంచెం చిన్నది. దాని మీదా మట్టికుండే, వేపాకే. వాళ్లకూ పొలిమేర ఆ సిగ్నలే.

రెండు బండ్లూ కనకం పాక ముందు ఎదురుబొదురుగా ఆగిపోయాయి. డప్పులు ఆగాయి. ఎవరి రోగాన్ని వాళ్లు ఎదుటివాళ్లకు ఇవ్వబోతూ దొరికిపోయిన ముఖాలతో, రెండువైపులవాళ్లూ ఒక క్షణం సిగ్గుపడ్డారు. ఆ తర్వాత అరుపులు. తిప్పండ్రా బండి అని వీళ్లు, నువ్వే తిప్పుకో అని వాళ్లు. చిన్నారావు రాయి తీశాడు. అవతల కర్రలు లేచాయి.

కనకం పాకలోంచి వచ్చి లైన్లవాళ్ల బండి ముందు వంగింది. దండం పెట్టుకుంటోందని అందరూ అనుకున్నారు. ఆమె ఇరుసు దగ్గర చెయ్యి పెట్టి కడసీల లాగేసింది. చక్రం పక్కకు పడింది. బండి ఒక వైపు ఒరిగి నేల మీద కూలబడింది. ఘటం మాత్రం దొర్లకుండా, వేపాకు మధ్య కుదురుగా నిలిచింది.

నడిదారిలో అమ్మవారు కూర్చుంటే, ఆవిడే లేస్తానని చెప్పేదాకా ముట్టుకునే మగాడు ఆ లైన్లలో లేడు. అది కనకం కొత్తగా పెట్టిన కట్టుబాటు కాదు. త్రినాథరావుకి తండ్రి చెప్పిందే.

"అమ్మ ఇక్కడ కూకుంది" అంది కనకం, కడసీల చేత్తో పట్టుకుని. "లేపీవోడు ఎవుడో ముందుకి రండి."

ఎవరూ రాలేదు. సుకవారో మంగలిన్ భుజం పట్టుకుని మెల్లగా లేచి, పారావాళ్ల బండి దగ్గరికి పోయి, తానూ అదే పని చేసింది. ముసలి చేతులకు కడసీల వెంటనే రాలేదు. బైగా నోరు తెరిచి, కొడుకును పోగొట్టుకున్న మనిషి ముఖం చూసి, మూసుకున్నాడు. రెండో బండి కూడా కూర్చుంది.

"నువ్వు తీసినావు కడసీల" అన్నాడు త్రినాథరావు. "అమ్మోరు కూకోనేదు. నువ్వే కూకోబెట్టినావు."

"నానే. ఊరు కట్టినోలు ఎవులు? అమ్మోరా? నువ్వే కదా బావా."



"ఈ రెండూ ఒక్కకాడ కూకుంటే మైలైపోదా?" అన్నాడు చిన్నారావు, చేతిలో రాయి ఏం చెయ్యాలో తెలియక.

కనకం లోపలికి పోయి రెండు కుండలూ తెచ్చి జనం ముందు పెట్టింది. "ఇయ్యి రెండూ ఒకే వంట. ఏనాడైనా ఏరే వండినానేటి? నాకు తీరికుంటే నాను, దానికి తీరికుంటే అది. ఇరవయ్యేళ్లు పైగా తాగుతన్నారు. ఏ అమ్మోరైనా పలికిందేటి? నీకు మన దేశం గుర్తుకొచ్చింది సూడు చిన్నారావూ, అది వండింది ఎక్కువ ఈ సుకవారోయే."

చిన్నారావు ముఖం చూసి ముందు నవ్వింది అచ్చియమ్మ. ఆపుకోలేక నవ్వింది. మంగలిన్ వాళ్లవాళ్లకు ఆ మాట తిప్పి చెప్పగానే అటువైపు ఆడవాళ్లూ అందుకున్నారు. చావులున్న ఊళ్లో, అమ్మవారి ముందు, అలా నవ్వకూడదు. అయినా నవ్వు ఆగలేదు. కొందరు మగవాళ్లు ఉమ్మేసి వెళ్లిపోయారు, ఆ తర్వాత కనకం పాక తొక్కలేదు. మిగిలినవాళ్లు అక్కడే నిలబడ్డారు. ఇక బండిని పంపే చోటు లేదు కాబట్టి, వేపాకు తాడు కట్టడానికి కూడా ఎవరికీ చేతులు రాలేదు.

కలరా ఆ రాత్రికే పారిపోలేదు. ఆ ఏడాది లైన్లలో కొందరు పోయారు, పారాలో కొందరు పోయారు. రైల్వే డాక్టరు నూతుల్లో మందు వేయించాడు. కానీ ఈసారి ఎవరూ తాడు బయట నిలబడాల్సి రాలేదు. మజ్జిగ ముంతలు ఇటూ అటూ తిరిగాయి. ఎవరింట్లో ఎవరు పోయినా చూడాల్సినవాళ్లు చూశారు. చెయ్యగలిగింది అంతే. ఆ అంతకే కనకం ఇన్నేళ్లు కాచుకుని ఉంది.

రెండు ఘటాలూ అక్కడే ఉండిపోయాయి. గ్యాంగువాళ్లు పాత స్లీపరు చెక్కలతో వాటికి కప్పు వేశారు. ఒక మంగళవారం వీళ్లు, ఒక మంగళవారం వాళ్లు దీపం పెట్టడం మొదలైంది. తర్వాత ఎవరి వంతో మరిచిపోయారు.

యుద్ధం ముగిసిన ఏడాది త్రినాథరావుకి సర్వీసు అయిపోయింది. క్వార్టర్ ఖాళీ చెయ్యాలి. అచ్చియమ్మ అంతకుముందే పోయింది. వెళ్లే ముందురోజు సాయంత్రం ఆయన కర్ర పొడుచుకుంటూ సిగ్నల్ దాకా వచ్చి, పాక ముందు దుంగ మీద కూర్చున్నాడు. కనకం దొప్పలో తరవాణి పోసి ఇచ్చింది. ఏ కుండలోదని ఆయన అడగలేదు.

"దేశం ఎల్లిపోతన్నాను కనకం."

"ఇన్నాను."

"నువ్వూ రాకూడదా? ఇక్కడేటున్నాది నీకు?"

కనకం పాక లోపలికి చూసింది. సుకవారో గోడకు జారగిలబడి కునుకుతోంది. మంగలిన్ పిల్లలు ఆమె కాళ్ల దగ్గర గవ్వలాడుకుంటున్నారు.

ఆయన దొప్ప ఖాళీ చేసి చేతుల్లో తిప్పాడు. "అక్కడ నన్ను ఎరిగినోడు ఒక్కడూ మిగల్నేదు. అన్నదమ్ములు పోనారు. ఆళ్ల కొడుకులు నన్ను సూడనేదు. బిలాస్‌పూరోడు వొచ్చినాడంటారు. గుమ్మంలో నిలబడి నానెవులినో సెప్పుకోవాల." సిగ్నల్ స్తంభం వైపు చూస్తూ, "ఆ పొద్దు ముంత అందుకోవాల్సింది నాను" అన్నాడు.

కనకం ఆయన చేతిలో దొప్ప తీసుకుంది. మళ్లీ నింపింది. ఇస్తూ అంది:

"తాగు బావా. అక్కడ నీకు ఊరు కట్టీసి ఉంటే, గుమ్మంలో నిలబడిపోకు. రైలెక్కి వొచ్చీయ్. నాను సిగ్నల్ కాడే ఉంటాను."